సైకిలువాని ప్రాణము

జడ్చర్ల దాటి దక్షిణాభిముఖముగా సాగు 44వ నంబరు జాతీయ రహదారి కొత్తకోట, పెబ్బేరుల మీదుగా వచ్చి, బీచుపల్లి వద్ద కృష్ణను దాటి, ఎర్రవల్లి చౌరస్తాను, ఆలంపురపు చౌరస్తాను ఒరసికొని, తుంగభద్ర కావలనున్న కర్నూలు చేరుచున్నది. శ్రీనగరము మొదలు కన్యాకుమారి వరకు గల ఈ మహామార్గము మన సీమగుండ పోవుట భాగ్యమని చెప్పుకొనుచున్నాము. ఢిల్లీనుండి బెంగుళూరునకు పోవు లారీకి ఈ బాటమీద ఎంత చోటు గలదో, క్యారియరుకు పాలక్యానులు కట్టుకొని పెబ్బేరునకు పోవు పల్లెవాని సైకిలుకును అంత చోటు ఉండవలసినదే. ఉన్నదా యని అడుగుటకే నేడీ విషయమును చేపట్టితిమి.

రహదారి నాలుగు వరుసలైన నాటినుండి నడుమ గట్టు వెలసినది. గట్టునకు ఈవల పొలమును, ఆవల ఇల్లును గల రైతు సందు దొరకువరకు పోయి తిరిగి వచ్చుటకు మారుగా, ఎదురుదారిన అంచుపట్టి వచ్చుచున్నాడు. అది తప్పే. కాని పొద్దంతయు పొలములో వంగిన నడుముతో ఇంకను రెండు మైళ్లు త్రొక్కుమని మోటారులో కూర్చుండి చెప్పుట సులభము. బాట గీసిన ఇంజనీరు లారీ వేగమును లెక్కించెను గాని సైకిలువాని కాళ్ల సత్తువను లెక్కించినట్లు కానరాదు.

2013 అక్టోబరు 30వ తేదీ తెల్లవారుజామున కొత్తకోట మండలమందలి పాలెము వద్ద ప్రయాణికుల బస్సొకటి కల్వర్టును ఢీకొని దగ్ధమై 45 మంది ఆహుతి యైరి. ఆ దినములలో దేశమంతయు పాలెము పేరు వినెను. బస్సు తలుపులను గూర్చియు, ఇంధనపు తొట్లను గూర్చియు పెద్ద చర్చ జరిగెను, జరుగవలసినదే. కాని అదే బాటమీద ఒక్కొక్కరుగా పోవువారిని గూర్చి చర్చ లేదు. కేంద్ర రవాణాశాఖ లెక్క ప్రకారము 2022లో దేశమున రోడ్డు ప్రమాదములలో మరణించినవారు 1,68,491 మంది. అందు సైకిలువారు 4,800కు మించిరి. దినమునకు పదుమూడుగురన్నమాట. ఇది ఠాణాకెక్కిన మృతుల లెక్క. లారీ గాలికి తొట్రుపడి గుంతలో కూలి మణికట్టు విరుగగొట్టుకొన్నవాడు ఠాణాకు పోడు. ఊరిలో నాటుకట్టు కట్టించుకొని మూలుగుచు పడియుండును. వాని నే లెక్కయు ఎరుగదు.

ఒకప్పుడు సైకిలు బడిపంతులుది, టపాబంట్రోతుది, కచేరీ గుమాస్తాది. ఆ కాలమున పట్టణములలో దీపము లేక రాత్రివేళ త్రొక్కినను, ఒక సైకిలుపై ఇరువురెక్కినను జవాను ఆపి జరిమానా వేయించెడివాడు. చమురుదీపమునకు వత్తి సవరించుకొని బయలుదేరిన పెద్దలు మా పాఠకులలో ఇంకను కొందరుందురు. ఆ పంతులును గుమాస్తాయు నేడు మోటారు సైకిలెక్కిరి. వారితోడనే దీపమును, డైనమోయు, జరిమానాయు పోయినవి. మిగిలినవారెవరు? బడిపిల్లలు, గద్వాలలో మగ్గపు నూలు చేరవేయు వృద్ధుడు, మిల్లు కావలివాడు, వనపర్తి, నాగరుకర్నూలు అంగళ్లలో మూటలు మోయు హమాలీ. వీరు పత్రికలకు జాబులు వ్రాయరు. శాసనసభ్యుల యింటికి పోయి నిలువరు. సైకిలును గూర్చి అధికారులకు శ్రద్ధ తగ్గుటకు ఇంతకుమించిన కారణము వెదుకనక్కరలేదు.

మన మూడు జిల్లాలలో సైకిలువానికి గల ప్రమాదములు పట్టణవాసులు ఊహించునట్టివి కావు. వరికోతల నెలలలో బాటలను చూడుడు. జూరాల కాలువలును, కల్వకుర్తి ఎత్తిపోతలయు వచ్చినపిదప నీరు పెరిగెను, వరి పెరిగెను; ధాన్యము ఆరబోయుటకు కల్లము మాత్రము పెరుగలేదు. కావున రైతు తారురోడ్డునే కల్లముగా జేసికొనుచున్నాడు. సగము బాటమీద వడ్లు, అంచున వరుసగా రాళ్లు, చీకటి పడగానే పైన నల్లని టార్పాలిను. ఆ రాయి ముందుచక్రమునకు తగిలినవాడు తలక్రిందుగా పడును. వడ్లమీదికి పోయినవాడు పూసలపై కాలుపెట్టినట్లు జారును. రెంటిని తప్పించుకొన జూచినవాడు బాటనడిమికి, అనగా ఎదురువచ్చు లారీ ముందునకు పోవును. రైతును మాత్రమే నిందించుట మాకిష్టము లేదు. ఉపాధి హామీ సొమ్ముతో కల్లములు కట్టించిరి గదా యని 2022లో కేంద్రము 151 కోట్లు తిరిగి యిమ్మని కోరగా, రాష్ట్రము కాదని, ఆ డిసెంబరులో జిల్లా కేంద్రములలో ధర్నాలు జరిగెను. ఇరుపక్షముల వాదములలోని న్యాయాన్యాయములు ఎట్లున్నను, వారు వాదించుకొన్నన్ని నాళ్లును ధాన్యము బాటమీదనే యెండెను.

నాగరుకర్నూలు జిల్లాలో కల్వకుర్తి మీదుగా శ్రీశైలము పోవు బాటది మరియొక తీరు. పులుల అభయారణ్యము నిమిత్తము మన్ననూరు వద్ద రాత్రి 9 గంటలకు గేటు మూయుదురు. గేటు పడకమునుపే దాటవలెనని మోటారువారు పరుగులిడుచుందురు. కూలి ముగించుకొని సైకిలుపై ఇల్లు చేరువాడును ఆ మునిమాపు వేళనే బాటమీద నుండును.

చీకటినిగూర్చి కొంత విపులముగా చెప్పవలసియున్నది. గంటకు 80 కిలోమీటర్ల వేగమున వచ్చు మోటారు ఒక్క సెకనులో 22 మీటర్లు దాటును. డ్రైవరు చూచి, తెలిసికొని, బ్రేకు త్రొక్కుటకే ఒకటి రెండు సెకన్లు పట్టును. పిదప బండి ఆగుటకు పట్టు దూరము వేగముతోబాటు పెరుగుట కాదు. వేగము రెట్టింపైన నాలుగురెట్లగును. మాసిన పంచె కట్టి నల్లని సైకిలుపై పోవువాడు దీపపు వెలుతురున కానవచ్చుసరికే సమయము మించిపోవును. సైకిళ్లకు అమర్చు రిఫ్లెక్టరు బిళ్లలు నాణ్యముగా నుండవలెనని 2020లో కేంద్రప్రభుత్వము ఉత్తర్వు చేసినది, మంచిపనియే. అది క్రొత్త సైకిళ్ల మాట. మన పల్లెలలో తిరుగునవి తండ్రి త్రొక్కి కొడుకున కిచ్చినవి. వానిపై బిళ్ల యుండినను బురదక్రింద నుండును. వెనుక మడ్గార్డుకు, పెడళ్లకు నాలుగంగుళముల మెరుపుపట్టీ అంటించుటకు అయ్యెడి ఖర్చు ఒక పూట టీ ఖర్చునకు మించదు. మరమ్మతు దుకాణములవారు పంక్చరు వేయువేళనే అడిగి అంటించవచ్చును. సైకిలు వెలిగినను, ముందుపోవు ట్రాక్టరు ట్రాలీకి వెనుక దీపము లేకున్నచో సైకిలువాడు దానిలోనికే దూరును. ఆ తనిఖీ పోలీసువారి పని, మోటారు వాహనముల అధికారుల పని.

గాయములను గూర్చి తల్లిదండ్రులు తెలిసికొనవలసినవి రెండు మూడు గలవు. క్యారియరుపై కూర్చున్న పసివాని మడమ చక్రపు చువ్వలలో చిక్కి నలిగిపోవుట మన ఊళ్లలో అరుదు కాదు. పైకి చిన్నగా కానవచ్చు ఆ గాయము లోపల చర్మమును నరములను చిదిమి, వారములు మానదు. చక్రమునకు ప్రక్కన వల బిగించినచో ఆ బాధ తప్పును. బారుక్రింద కాలుదూర్చి పెద్ద సైకిలు త్రొక్కు బాలుడు పడునప్పుడు హ్యాండిలు కొన పొట్టలో గ్రుచ్చుకొనును. పైన చిన్న కమిలిన మచ్చ, లోపల కాలేయమో ప్లీహమో చీలి రక్తస్రావము. పిల్లవాడు కడుపునొప్పి యన్నచో, వాంతి చేసికొన్నచో, మరునాటివరకు వేచియుండక ఆస్పత్రికి గొనిపోవలెను. తలకు దెబ్బ తగిలి క్షణమైనను స్మృతి తప్పినవానికి లేచి నడచినంతమాత్రమున ప్రమాదము తప్పినట్లు కాదు. 

శిరస్త్రాణమును గూర్చి పలువురు నవ్వుదురు. సైకిలువానికి దానిని మన చట్టము విధింపలేదు. మోటారు సైకిలువారికే విధించినది. అయినను ఆస్ట్రేలియాలోని న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయపు పరిశోధకులు పలుదేశములలో గాయపడిన 64,000 మంది సైకిలువారి వివరములను కలిపి చూచి, శిరస్త్రాణము ధరించినవారికి తీవ్రమైన తలగాయము కలుగు అవకాశము ఇంచుమించు మూడింట రెండువంతులు తగ్గుచున్నదని 2016లో ప్రకటించిరి. పొట్ట గడవని హమాలీని కొనుమని శాసించుట మాకు సమ్మతము కాదు. కాని బిడ్డకు వేలు పోసి గేరుల సైకిలు కొనిపెట్టుచున్న పట్టణపు తండ్రి తలకవచమునకు వెనుదీయుట ఏమి పొదుపు?

ఇక ఖర్చు. భుజపుటెముక విరిగిన కూలి ఆరువారములు బరువెత్తరాదు. 2025-26లో మన రాష్ట్రమున ఉపాధి హామీ కూలి దినమునకు 307 రూపాయలు. ఆ లెక్కనే 42 దినములకు 12,894 రూపాయలు పోయినవి. మందులు, ప్రయాణము, తోడువచ్చిన భార్య కోల్పోయిన కూలి దీనిపై. వనపర్తి, నాగరుకర్నూలులలో 2022లోను, గద్వాలలో 2024లోను ప్రభుత్వ వైద్యకళాశాలలు వెలసినవి. సంతోషము. అయినను తలగాయమన్నచో గద్వాలవారు నేటికిని కర్నూలువైపు, తక్కినవారు హైదరాబాదువైపు చూచుచున్నారు. ఆ దారిలో గడచు గంటలే చాలమందికి కడపటివగుచున్నవి. వైద్యకళాశాల యున్నచోట తలశస్త్రచికిత్స చేయగల వైద్యుడు రేయింబవళ్లు ఉండవలెనని కోరుట అత్యాశ కాదు.

చట్టము కల్పించిన సాయము కొంత గలదు. మోటారు వాహనము తగిలి గాయపడినవారికి, సైకిలువాడైనను, ప్రమాదదినము మొదలు ఏడుదినములు లక్షా యాబదివేల వరకు నగదు చెల్లింపనక్కరలేని చికిత్స నేర్పరచు పథకము 2025 మే నెలలో వెలువడినది. ఢీకొని పారిపోయిన వాహనపు జాడ తెలియనిచో మృతుని కుటుంబమునకు రెండు లక్షలు, తీవ్రముగా గాయపడినవానికి యాబదివేలు 2022 ఏప్రిల్ 1 నుండి ఇయ్యవలసియున్నది. ఒక మాసములోపల వాహనము తెలియనిచో ఈ పథకమును గూర్చి పోలీసులే బాధితునకు వ్రాతపూర్వకముగ తెలుపవలెనని 2024 జనవరిలో సుప్రీంకోర్టు ఆదేశించినది. గాయపడినవానిని సదుద్దేశముతో ఆస్పత్రికి చేర్చినవానిపై కేసు రాదని 2019 సవరణ చెప్పుచున్నది. కావున పడియున్నవానిని చూచి భయపడి తొలగిపోవుటకు కారణము లేదు.

కాని గుంతలో పడినవాని సంగతి యేమి? వాని నే మోటారును తాకలేదు. కావున పై రెండు పథకములును వానికి వర్తింపవు. ఆరోగ్యశ్రీ జాబితాలోని చికిత్స యైనచో సరి, కానిచో అప్పు. గుంతను పూడ్చని కంట్రాక్టరు, చూచియు చూడని ఇంజనీరు ఏ ఇబ్బందియు లేక యుందురు. బాట నిర్మాణములోని లోపమువలన ప్రాణమో అవయవమో పోయినచో బాధ్యులకు లక్షరూపాయల వరకు జరిమానా విధింపవచ్చునని 2019లోనే మోటారు వాహనముల చట్టమున 198-ఏ సెక్షను చేర్చిరి. ఆ సెక్షనును మన జిల్లాల ఠాణాలవారు ప్రతి గుంతచావునకును ప్రయోగించిన నాడు గుంతలు ఎంత వేగముగా పూడునో చూడవలెనని యున్నది.

హైదరాబాదులో బాహ్యవలయ రహదారి ప్రక్కన 23 కిలోమీటర్ల సైకిలు బాటను, పైన సౌరఫలకముల కప్పుతో, 2023 అక్టోబరు 1న ప్రారంభించిరి. వ్యాయామము చేయువారికి ఎండ తగులకుండ నీడ కల్పించిరి, ఈసడించుట లేదు. పొట్టకూటికై త్రొక్కువానికి కప్పు అక్కరలేదు, పెబ్బేరు, ఎర్రవల్లి, కల్వకుర్తివంటి కూడళ్లకు ఇరువైపుల రెండేసి మైళ్లు ఆరడుగుల చదునైన అంచు చాలును. హాలెండు నేడు సైకిళ్ల దేశమని పొగడుదురు గాని, 1971లో ఆ చిన్నదేశమున 3,300 మందికి పైగా బాటలమీద చచ్చిరి. అందు నాలుగువందలకు మించి పిల్లలే. తల్లిదండ్రులు వీధులకెక్కి, శిశుహత్య ఆపుడని ఉద్యమము నడిపిన పిదపనే అక్కడి ప్రభుత్వము మేలుకొన్నది.

జాతీయ రహదారులమీద పాదచారులు, సైకిళ్లవంటి యంత్రరహిత వాహనములు పోవుటను గూర్చి ఆరుమాసములలో నియమములు చేయవలెనని 2025 అక్టోబరులో సుప్రీంకోర్టు రాష్ట్రములన్నిటికి ఆదేశమిచ్చినది. ఆ నియమములు సైకిలువానిని బాటనుండి వెడలగొట్టునవిగా నుండరాదు. వానికి చోటు చూపునవిగా నుండవలెను. ఈ భేదము హైదరాబాదులో కూర్చుండి వ్రాయువారికి తోచుట కష్టము. తోపింపజేయుట మన పని. ప్రతి జిల్లాలో కలెక్టరు అధ్యక్షతన రోడ్డు భద్రతా సంఘము గలదు. సోమవారములందు ప్రజావాణి గలదు. మన పఠనాలయములలో కూడువారు, ఉపాధ్యాయులు, చేనేత సంఘములవారు తమ తమ ఊళ్ల బాటలను ఒకమారు చీకటివేళ సైకిలుపై తిరిగిచూచి, గుంతయున్న చోటు, గట్టునకు సందు లేని చోటు, సున్నము పూయని వేగనిరోధకము, వడ్లు పోయు తావు, దగ్గరి కిలోమీటరు రాతిపైనున్న సంఖ్యతోసహా కాగితముపై వ్రాసికొని, వచ్చు సోమవారము అర్జీగా దాఖలుచేసి, రసీదు అడిగి పుచ్చుకొందురని కోరుచున్నాము.