కెమెరా ఎవరి చేతిలో ఉంది?

మన వాడకి కెమెరా ఎప్పుడొస్తుంది? శవం లేచినప్పుడొస్తుంది. 2020 మే 7న విశాఖలో ఎల్జీ పాలిమర్స్ స్టైరీన్ గ్యాసుకి 12 మంది పోయారు. ఆర్.ఆర్. వెంకటాపురం దారుల్లో పడిపోయిన మనుషుల్ని దేశమంతా టీవీల్లో చూసింది. విషం పక్కనే కాపురాలు ఎందుకున్నాయి, అనుమతులు ఎవరిచ్చారు అని ఆ మనుషుల నోటనే చెప్పించిన కెమెరాలు ఎన్ని? మన చావు వాళ్ళకి బొమ్మ. మన మాట వాళ్ళకి అక్కర్లేదు.

దీనికి జవాబు జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో ఉంది.

పి.వి. సతీష్ 1945లో మైసూరులో పుట్టారు. జర్నలిస్టుగా మొదలై, దూరదర్శన్‌లో సుమారు రెండు దశాబ్దాలు ప్రొడ్యూసర్‌గా పల్లెల గురించి కార్యక్రమాలు తీశారు. 1983లో మిత్రులతో కలిసి దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ పెట్టారు. 2023 మార్చి 19న ఆయన పోయినప్పుడు పేపర్లు చిరుధాన్యాల మనిషి అని రాశాయి. అది నిజమే. కానీ మనం గుర్తుంచుకోవాల్సింది ఇంకోటుంది. సంఘాల్లోని దళిత కూలి ఆడవాళ్ళ చేతికి ఆయన కెమెరా ఇచ్చారు. వాళ్ళలో చాలామందికి అక్షరం రాదు.

ఆ ఆడవాళ్ళు కెమెరా చూపులకి తమ పేర్లు పెట్టుకున్నారు. పైనుంచి కిందికి తీస్తే పటేల్ షాట్. దొర మనల్ని చూసే చూపది. కిందినుంచి పైకి తీస్తే బానిస షాట్. కంటికి కన్ను సమానంగా తీస్తే సంఘం షాట్. కులమంటే ఏటో ఇంతకంటే తేటగా ఏ ఫిలిం కాలేజీ చెప్పింది?

‘చదువు లేనోళ్ళకి సినిమా ఏటి తెలుస్తాది’ అనే పెద్దలకి ఒక్క సంగతి. 2002లో బీటీ పత్తికి సర్కారు అనుమతిచ్చింది. ఈ ఆడవాళ్ళు వరంగల్ జిల్లా చేలకెళ్ళి, పంట కాలమంతా రైతుల మాటలు రికార్డు చేసి, కంపెనీ ప్రచారం ఎంత వట్టిదో సినిమాగా చూపించారు. విత్తనం వాళ్ళకి తెలుసు, నేల తెలుసు, అప్పు తెలుసు. అదే వాళ్ళ చదువు. 2005లో మూడు రకాల బీటీ పత్తికి ఆంధ్రప్రదేశ్‌లో అనుమతి ఆగిపోయింది. అది ఒక్క సినిమా పుణ్యమని అనను, రైతులు పోరాడారు. కానీ ఆ పోరుకి సాక్ష్యం దళిత ఆడది పట్టింది.

రేడియో కథా అంతే. స్టూడియో 1998లోనే కట్టుకున్నారు. లైసెన్సుకి పదేళ్ళు పట్టింది. 2008 అక్టోబర్ 15న మాచనూరులో సంఘం రేడియో మోగింది. పేదోడి గొంతుకి ఎంత భయం ఈ ప్రభుత్వాలకి!

అలాగని సతీష్ గారిని దేవుణ్ణి చెయ్యొద్దు. ఇచ్చినాయన్ని తలుచుకుందాం, పట్టినోళ్ళని ముందు నిలబెడదాం. బాబాసాహెబ్ 1920లోనే ‘మూక్‌నాయక్’ పెట్టారు. మన పత్రిక మనమే నడపాలని ఆయన ఎవరి దయకోసమూ ఆగలేదు.

మరి మన విశాఖ మాటేటి? ఉక్కు కోసం 1966లో 32 మంది ప్రాణాలిచ్చారని అందరూ చెప్తారు. ఆ ఫ్యాక్టరీకి నేల వదిలిన ఊళ్ళ కథ, ఆర్ కార్డు పట్టుకుని ఉద్యోగానికి ఎదురుచూసి ముసలైపోయిన నిర్వాసితుడి కథ ఎవరు చెప్తారు? 2021లో ప్లాంటు అమ్ముతామని కేంద్రం నిర్ణయించినప్పుడు మైకులన్నీ నాయకుల ముందే ఉన్నాయి. వాడ ముసలమ్మ ముందు ఒక్క మైకూ లేదు.

విలేఖరి కోసం దండ పట్టుకుని కాచుకోవడం ఇక చాలు. ఇవాళ మన పిల్లల చేతుల్లో సెల్‌ఫోనుంది. ప్రతి సంఘం ఇద్దరు ఆడవాళ్ళని ఎంచుకోవాలి. గ్రామసభ తియ్యండి, శ్మశానం తగువు తియ్యండి, కూలి లెక్క తియ్యండి. తారీకు వేసి దాచండి. తీసింది ముందు వాడలోనే చూపించండి, ఎవరిని తీశారో వాళ్ళు ఒప్పుకున్నాకే బయటికివ్వండి. లేకపోతే మనమూ పటేల్ షాటే తీసినోళ్ళమవుతాం.

మనల్ని ఎవరో చూపించడం కాదు, మనమే చూపిద్దాం.

జై భీమ్!