వడగాలికి వర్గం లేదా?

2015 మే నెలలో ఆంధ్ర, తెలంగాణలలో వడగాలికి రెండువేల మందికి పైగా చనిపోయారు. ప్రకృతి ప్రకోపమని సరిపెట్టుకోవడం మనకి అలవాటు. కవిత్వంలోనైతే సూర్యుణ్ణి తిట్టి వూరుకుంటాం.

కొన్నిచోట్ల 47 డిగ్రీల యెండ. అది ఏసీ గది కప్పుమీదా, కూలివాడి నెత్తిమీదా వొకటిగానే కాసింది. పోయినవారు మాత్రం యెక్కువమంది కూలీలూ, ముసలివారూ, నిలవనీడ లేనివారూను. వొంటిని చల్లబరిచేది చెమట. చెమట పట్టడానికి నీళ్లు కావాలి, వొళ్లు తేరుకోడానికి నీడ కావాలి, విరామం కావాలి. కోస్తాలోనైతే గాలిలో తేమవల్ల ఆ చెమట తొందరగా ఆరదు కూడా. మధ్యాహ్నం పని ఆపితే కూలి పోతుంది. ఆపకపోతే ప్రాణమే పోవచ్చు. ఈ లెక్క వేసింది సూర్యుడా?

వాతావరణం మారలేదని కాదు నా వాదన. బొగ్గూ చమురూ తగలబెట్టి లోకాన్ని వేడెక్కించారు. లాభం తిన్నవారు వొకరు, మాడేవారు మరొకరు. అయినా చావుల్ని తగ్గించే దారి వుంది. 2010 మే నెల యెండల్లో అహమ్మదాబాదులో వెయ్యికి పైగా అదనపు మరణాలు సంభవించాక, ఆ నగరం 2013లో పథకం వేసుకుంది: ముందస్తు హెచ్చరికలు, మంచినీళ్లు, ఆసుపత్రుల్లో సన్నాహం. (అక్కడేమీ విప్లవం రాలేదు!) మరి విధి అని యెందుకు నోరు మూసుకోవాలి? కూలి కోయకుండా మధ్యాహ్నం పని ఆపించే చట్టం కావాలని అడగడానికి మనకేమిటి అడ్డం?