జవాబు మీద చెయ్యి అడ్డం పెట్టండి

మా గుండుగొలను దగ్గర హైవే రెండుగా చీలుతుంది. ఏలూరు నుంచి వస్తే ఒకటి భీమడోలు మీదుగా తాడేపల్లిగూడెం వైపు, ఇంకోటి దేవరపల్లి మీదుగా కొవ్వూరు వైపు పోతాయి. గ్రాఫ్ థియరీ భాషలో మా ఊరు మూడు ఎడ్జ్‌లు కలిసే వర్టెక్స్. అంటే డిగ్రీ 3. (ఊళ్లో సందులు లెక్కేయకండేం!)

బీటెక్‌లో ఉండగా ఇలాంటిదేం తట్టలేదు నాకు. సొల్యూషన్ మాన్యువల్ పీడీఎఫ్ ఫోన్‌లో ఉండేది. ప్రశ్న చదవడం, జవాబు తెరవడం, "ఓస్ ఇంతేనా" అనుకోవడం, నోట్స్‌లోకి ఎక్కించడం. అదే చదువు అనుకున్నాను.

తర్వాత ఒక ఇంటర్వ్యూలో అడిగారు: "7గురు ఉన్నారు. ఒక్కొక్కరూ సరిగ్గా 3గురితో చేతులు కలిపారు. కుదురుతుందా?" ఇదే లెక్క 9 వర్టెక్స్‌లతో నా నోట్స్‌లో ఉంది, నా చేతిరాతతోనే! పది నిమిషాలు చుక్కలు పెట్టి గీతలు గీస్తూ కూర్చున్నాను. ఉద్యోగం రాలేదు.

జవాబు చిన్నదే. ఒక షేక్‌హ్యాండ్ ఇద్దరి ఖాతాలోనూ పడుతుంది కాబట్టి అందరివీ కలిపితే సరిసంఖ్యే రావాలి. 7 మూళ్లు 21. కుదరదు. కోనిగ్స్‌బర్గ్ వంతెనల మీద ఆయిలర్ 1736 నాటి పేపర్లోనే ఈ సంగతి ఉంది.

ఇప్పుడు మాన్యువల్ మానేశానా అంటే లేదు. ముందు ఓ అరగంట చిన్న బొమ్మలు గీసి కుస్తీ పడతాను. అప్పటికీ కదలకపోతే జవాబు తెరిచి, చేత్తో మూసి, మొదటి లైన్ మాత్రం చూస్తాను. మళ్లీ మూసేసి సొంతంగా రాస్తాను. మర్నాడు తెల్ల కాగితం మీద ఇంకోసారి. గేట్‌కి చదివేవాళ్లు "అంత టైమెక్కడిది బ్రో" అంటారు. లెక్కలు తగ్గించుకోండి, ఇది మాత్రం వద్దనకండి.

అసలు పని ఆ తర్వాతే ఉంది. ప్రశ్నలో అంకె మార్చి చూడండి. 8 మందైతే 24, సరిసంఖ్య. కుదురుతుందా? పాచిక తీసుకోండి: 8 మూలలు, ఒక్కో మూల దగ్గర 3 అంచులు. కుదిరింది. మరి ఇద్దరే ఉంటే? 6 కూడా సరిసంఖ్యేగా! కానీ ఒక్కొక్కరికీ చెయ్యి కలపడానికి ఉన్నది ఒక్కరే. అంటే మొత్తం బేసి వస్తే కుదరదని గ్యారంటీ ఉంది, సరి వస్తే కుదురుతుందని లేదు. ఈ తేడా నేను ఎక్కించుకున్న జవాబులో ఎక్కడా లేదు.

6గురితో మీరే గీసి చూడండి. పీడీఎఫ్ తెరవకుండా.