పని పూర్తయినా బిల్లు కదలదు

2020 అక్టోబరు వరదల్లో హైదరాబాద్‌లోని సరూర్‌నగర్ చెరువు చుట్టుపక్కల కాలనీలు నీట మునిగాకే నాలాల విస్తరణకు ఊపొచ్చింది. కానీ పక్కనే ఉన్న దిల్‌సుఖ్‌నగర్, ఎల్బీనగర్‌లలో నాలా కట్టినా, రోడ్డు వేసినా ముందు పెట్టుబడి కాంట్రాక్టరుదే. సిమెంటు అరువు, కూలీల బట్వాడా, వాటిపై వడ్డీ. ఇంజనీరు కొలతలు రాసి, నాణ్యత తనిఖీ దాటాక కూడా బిల్లులు నెలల తరబడి ఆగుతున్నాయి. 2025 మార్చిలో చిన్న కాంట్రాక్టర్లు సచివాలయంలో ఉప ముఖ్యమంత్రి చాంబర్ ఎదుటే బైఠాయించాల్సి వచ్చింది. ఇది ప్రభుత్వానికి గౌరవం కాదు. నాసిరకం పనులకు బిల్లు ఆపండి, కారణం రాసివ్వండి. సక్రమంగా చేసినవారికి ముందు చిన్న బిల్లులు, తర్వాత పెద్దవి, రెండింటినీ వచ్చిన వరుసలోనే చెల్లించాలి. ఆ వరుసను ప్రభుత్వం అందరికీ కనిపించేలా ప్రకటించాలి. నిధులు చూపకుండా కొత్త టెండర్లు పిలవడం వెంటనే మానాలి.