రెప్పపాటు

సినిమా అంటే కదిలే బొమ్మ అని పసిపిల్లవాడైనా చెబుతాడు. కాని పాత ఫిల్ము ముక్క ఎక్కడైనా దొరికితే వెలుతురుకు ఎత్తి పట్టుకొని చూడండి. అందులో కదిలేది ఒక్కటీ లేదు. అన్నీ ఫొటోలే. సెకండుకు 24 చొప్పున కంటి ముందు పరుగెత్తుతాయి కనుక కదులుతున్నాయని భ్రమపడతాం.

ఆ పరుగు మానిపిస్తే సినిమా ఏమవుతుంది? 1962లో ఫ్రాన్సులో క్రిస్ మార్కర్ అనే ఆయన ఆ పనే చేసి చూశాడు. చిత్రం పేరు ‘లా జెటే’. నిడివి 28 నిమిషాలు. పెంటాక్స్ కెమెరాతో నలుపు తెలుపు ఫొటోలు తీసి, వరసగా పేర్చి, వెనక ఒక గొంతుచేత కథ చెప్పించాడు. దానికి ‘ఫొటో నవల’ అని తనే పేరు పెట్టుకున్నాడు.

కథ ఇది. పారిస్ దగ్గర ఓర్లీ విమానాశ్రయంలో ఒక పిల్లవాడు ఒక స్త్రీ ముఖం చూస్తాడు. అంతలోనే ఎవరో మనిషి కూలిపోవడమూ చూస్తాడు. తరవాత మూడవ ప్రపంచయుద్ధం వచ్చి పారిస్ నాశనమవుతుంది. మిగిలినవారు నేలమాళిగల్లో తలదాచుకుంటారు. ఆహారం, మందులు తెప్పించుకోవడానికి గతంలోకీ భవిష్యత్తులోకీ ఒక మనిషిని పంపాలనుకుంటారు. ఎవరిని? అప్పటికి పెద్దవాడై ఖైదీగా వున్న ఆ పిల్లవాణ్ణే. ఆ ముఖాన్ని అతడు మరిచిపోలేదు గనుక.

ఇటువంటి కథకు ఫొటోలే తగినవి. పోయినవారిని తలచుకొని చూడండి. వారి బతుకంతా సినిమాలాగా మనసులో తిరగదు. గడపలో నిలబడిన తీరు, నవ్వబోతున్న ముఖం, ఇట్లా నాలుగైదు బొమ్మలే మిగులుతాయి.

ఇంత చిత్రంలోనూ ఒక్కచోట మాత్రం బొమ్మ కదులుతుంది. నిద్రపోతున్న ఆమె కళ్ళు తెరిచి, మనవైపు చూసి రెప్పలార్పుతుంది. కొద్ది క్షణాలే. అయినా చూసేవారికి గుండె ఝల్లుమంటుంది.

ఇక్కడ మన నలోపాఖ్యానం గుర్తుకు రాకమానదు. స్వయంవరంలో అయిదుగురు నలులు కనిపిస్తే, దమయంతి అసలు నలుణ్ణి పోల్చుకున్న గుర్తుల్లో రెప్పపాటు ఒకటి. దేవతలు అనిమిషులు, రెప్ప వేసేవాడు మనిషి. మార్కర్ చిత్రంలోనూ ఆ రెప్పపాటుతోనే బొమ్మ మనిషవుతుంది. మరుక్షణంలో మళ్ళీ బొమ్మ. అతడు దేనికోసం కాలాన్ని ఈదుకుంటూ వచ్చాడో అప్పుడు మనకు తెలుస్తుంది.

1995లో హాలీవుడ్ వారు ఈ చిన్న చిత్రాన్ని ఆధారం చేసుకొని ‘ట్వెల్వ్ మంకీస్’ అనే పెద్ద చిత్రం తీశారు. ముగింపు నేను చెప్పను. చూసి తెలుసుకోవడమే బాగుంటుంది. అందాకా ఇంట్లో పాత ఆల్బం వుంటే దించి, పుటలు గబగబా తిప్పకుండా ఒక్కొక్క ముఖం దగ్గర కాస్త ఆగండి.