బంకులో ఎంపిక మనది కావాలి
పెట్రోలులో ఇథనాల్ కలపడం కల్తీ కాదు, అవసరం. మనకు కావలసిన ముడిచమురులో 85 శాతానికి పైగా విదేశాల నుంచే కొంటున్నాం. చెరకు, మొక్కజొన్న, నూకల నుంచి తీసిన ఈ ఇంధనం మన బళ్లలో మండితే ఆ బిల్లు కొంత తగ్గుతుంది, రైతుకు ఇంకో గిరాకీ దొరుకుతుంది. ఇథనాల్‌కు ఆక్టేన్ ఎక్కువ. అందులోని ఆక్సిజన్ వల్ల పాత ఇంజిన్ల పొగలో కార్బన్ మోనాక్సైడ్ కూడా తగ్గుతుంది. 2003లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ సహా తొమ్మిది రాష్ట్రాల్లో 5 శాతంతో మొదలైన ఈ కలిపే పని 2025కల్లా 20 శాతానికి చేరింది. మంచిదే. కానీ లీటరు ఇథనాల్‌లో ఉండే శక్తి, లీటరు పెట్రోలులో ఉన్నదానిలో మూడింట రెండు వంతులే. కాబట్టి మైలేజీ తగ్గుతుంది. ఈ మిశ్రమానికి తగ్గట్టు తయారుకాని పాత బళ్లలో రబ్బరు గొట్టాలు, సీళ్లు త్వరగా పాడయ్యే ముప్పూ ఉంది. దేశం మేలు కోసం చేసే పనికి పాత బండి మీద బతుకు నెట్టుకొచ్చే మనిషి ఒక్కడే ఎందుకు మూల్యం చెల్లించాలి? బంకుల్లో 10 శాతం ఇథనాల్ కలిపిన పెట్రోలు కూడా అమ్మాలి. 20 శాతం కలిపినదానికి, తగ్గిన శక్తి మేరకు ధర తగ్గించాలి. ఎంత కలిపారో పంపు మీద తెలుగులో రాయాలి. ఇక తినే గింజల కన్నా ముందు వరిగడ్డి లాంటి వ్యర్థాల నుంచి ఇథనాల్ తీయడానికి ప్రభుత్వం డబ్బు పెట్టాలి.