ఇరవై నవలల పెట్టెలో ఒక్కతే

జర్మన్ సాహిత్యంలో ఏం చదవాలి అని ఎవరినైనా అడిగి చూడండి. గొయ్‌థే, థామస్ మన్, హెర్మన్ హెస్, కాఫ్కా, బ్రెఖ్ట్, గుంటర్ గ్రాస్... పేర్లు గడగడా వచ్చేస్తాయి. చారిత్రక నవల అంటే ఇంకా సులువు. వాల్టర్ స్కాట్ దగ్గర మొదలుపెట్టి, లుకాచ్ ఏమన్నాడో చెప్పేస్తే సరిపోతుంది. యూనివర్సిటీ సిలబస్‌ల నుంచి సాహిత్య మిత్రులు ఒకరికొకరు రాసిచ్చే చీటీల దాకా ఇదే వరస. ఈ జాబితాలేవీ ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఎవరో కూర్చుని, ఎవరిని ఉంచాలో ఎవరిని తీసెయ్యాలో నిర్ణయించి తయారుచేశారు.

జర్మనీలోనే ఒక ఉదాహరణ ఉంది. 'సాహిత్య పోపు' అని పేరు పడ్డ విమర్శకుడు మార్సెల్ రైఖ్-రనీట్‌స్కీ 2002లో జర్మన్ భాషలో తప్పక చదవవలసిన 20 నవలలంటూ ఒక పెట్టె తెచ్చారు. వార్సా ఘెట్టోలో చావు తప్పించుకుని బయటపడ్డ మనిషి ఆయన, జర్మన్ సాహిత్యాన్ని ప్రాణంగా ప్రేమించిన మనిషి. ఆ ప్రేమను నేను శంకించను. కానీ పెట్టె తెరిచి చూడండి. 1774 నాటి 'వెర్థర్' నుంచి 1984 దాకా, 210 ఏళ్ళ సాహిత్యం. గొయ్‌థేకి రెండు సీట్లు, థామస్ మన్‌కి రెండు, ఫొంటానెకి రెండు. స్త్రీలందరికీ కలిపి ఒకటి. ఆ ఒక్కరూ ఆనా జేగర్స్. ఫొంటానె నవలలు రెండింటికీ స్త్రీల పేర్లే ఉన్నాయి లెండి, 'ఎఫీ బ్రీస్ట్', 'ఫ్రౌ జెన్నీ ట్రైబెల్' అని. నవల పేరుగా స్త్రీ పనికొస్తుంది. రాసినవాళ్ళ పేరుగానే పనికిరాదు.

ఇలా అనగానే వచ్చే జవాబు మనందరికీ కంఠతా వచ్చు. "ఆ రోజుల్లో ఆడవాళ్ళు రాయలేదు కదండీ, లేనివాళ్ళని ఎక్కణ్ణుంచి తెస్తాం?" సరే, తెద్దాం.

బెనెడిక్టె నౌబెర్ట్. 1752లో లైప్‌జిగ్‌లో పుట్టింది. తండ్రి వైద్యశాస్త్ర ప్రొఫెసరు. ఆడపిల్లకి యూనివర్సిటీ లేదు కాబట్టి అన్నల దగ్గర గ్రీకు, లాటిన్, చరిత్ర నేర్చుకుంది. 1780ల నుంచి దాదాపు యాభై పుస్తకాలు రాసింది, దాదాపు అన్నీ పేరు లేకుండా. వాటిలో చాలా భాగం చారిత్రక నవలలే. 1788లో వచ్చిన 'హెర్మన్ ఫొన్ ఉన్నా' ఆరేళ్ళకల్లా ఇంగ్లీషులోకి వెళ్ళింది. ఆమె పద్ధతి ఏమిటంటే, కథకు ముందు భాగాన చరిత్ర ఎరగని కల్పిత మనుషుల్ని నడిపించడం, రాజుల్నీ సేనాపతుల్నీ వెనక్కి, నేపథ్యంలోకి జరపడం. ఇది ఎక్కడో విన్నట్టుంది కదూ? 1937 నాటి 'చారిత్రక నవల'లో లుకాచ్ స్కాట్‌ని మెచ్చుకున్నది సరిగ్గా దీనికే. మామూలు మనిషిని నాయకుడిగా పెట్టి, మహాపురుషుల్ని పక్కన నిలబెట్టడం స్కాట్ ప్రతిభ అన్నాడాయన. స్కాట్ మొదటి నవల 'వేవర్లీ' వచ్చింది 1814లో. నౌబెర్ట్ ఆ పని చేసి అప్పటికి పాతికేళ్ళు దాటింది.

ఆమె పుస్తకాలు ఎవరివో తెలియక పాఠకులు వాటిని మగవాళ్ళ ఖాతాల్లో వేశారు. ఇంత చరిత్ర తెలిసినవాళ్ళు ఆడవాళ్ళెలా అవుతారు మరి! 1809లో విల్హెల్మ్ గ్రిమ్ ఆమె ఇంటికి వెళ్ళి, ఆమె సంకలనం చేసిన జానపద కథల గురించి అడిగి తెలుసుకున్నాడు. గ్రిమ్ సోదరుల కథలు తెలియని ఇల్లు లేదు, నౌబెర్ట్ పేరు తెలిసిన సిలబస్ లేదు. చివరికి 1817లో ఒక పత్రిక ఆమె అనుమతి లేకుండానే పేరు బయటపెట్టింది. రెండేళ్ళకు ఆమె చనిపోయింది. ముద్దుపళని కావ్యానికి ఏం జరిగిందో చదువుకున్న మనకి ఇందులో ఆశ్చర్యం ఏముంది? ఆమె నవలలన్నీ గొప్పవని నేను అనడం లేదు. స్కాట్ నవలలన్నీ గొప్పవని ఎవరైనా అనగలరా?

ఇంకో పేరు రికార్డా హుఖ్. జర్మన్ యూనివర్సిటీలు స్త్రీలకి తలుపులు తెరవని రోజుల్లో స్విట్జర్లాండ్ వెళ్ళి, జూరిక్‌లో 1892లో చరిత్రలో డాక్టరేట్ తీసుకుంది. ముప్ఫయ్యేళ్ళ యుద్ధం మీద 1912-14 మధ్య మూడు సంపుటాల నవల రాసింది. ఆ యుద్ధం గురించి మన ఇంగ్లీషు డిపార్ట్‌మెంట్లలో చెప్పేది బ్రెఖ్ట్ 'మదర్ కరేజ్' ఒక్కటే. అది చెప్పొద్దని కాదు. ఆ యుద్ధాన్ని బ్రెఖ్ట్ కంటే ముందే, చరిత్రకారిణిగా ఆర్కైవుల్లో కూర్చోవడం నేర్చిన ఒక స్త్రీ నవలగా రాసిందని ఒక్క మాటైనా చెప్పాలి కదా. ఇదే హుఖ్ 1926లో ప్రష్యన్ కళల అకాడమీ సాహిత్య విభాగానికి ఎన్నికైన మొదటి స్త్రీ. 1933లో నాజీలకు విధేయత ప్రకటించమంటే రాజీనామా చేసి బయటికొచ్చింది. అప్పటికి ఆమెకి 68 ఏళ్ళు. నోళ్ళు మూసుకుని లోపలే కూర్చున్న మగ మహారచయితల జాబితా కూడా ఎవరైనా ఒక పెట్టెలో పెడితే బాగుండు.

ఇక పెట్టెలోకి రానిచ్చిన ఆ ఒక్కరి సంగతి. రైఖ్-రనీట్‌స్కీ తీసుకున్నది జేగర్స్ 1942 నవల 'ఏడో శిలువ'. కాన్సంట్రేషన్ క్యాంపు నుంచి ఏడుగురు పారిపోతారు, ఒక్కడు బతుకుతాడు. మంచి నవల, కాదనను. కానీ మెక్సికో ప్రవాసంలో ఆమె రాసిన 'చనిపోయిన అమ్మాయిల విహారయాత్ర' అనే కథ నా దృష్టిలో దానికంటే గొప్పది. మొదటి ప్రపంచయుద్ధానికి ముందు రైన్ నది ఒడ్డుకి విహారయాత్రకి వెళ్ళిన ఒక క్లాసు ఆడపిల్లలు. ఒక్కొక్కరి ముఖం చూపిస్తూ, ఆ వాక్యంలోనే ఆ పిల్ల తర్వాత ఏమైందో చెప్పేస్తుంది. భుజాల మీద చేతులేసుకు తిరిగిన లేనీ, మరియానె. లేనీ నాజీల చేతుల్లో చనిపోతుంది. నాజీ అధికారి భార్య అయిన మరియానె, లేనీ కూతుర్ని కాపాడటానికి సాయం అడిగితే కాదంటుంది. టీచరమ్మకి ప్రేమగా కాఫీ పోసిన నోరా, తర్వాతెప్పుడో అదే టీచరు యూదురాలని బెంచీ మీంచి లేపేస్తుంది. కొద్ది పేజీల్లో రెండు యుద్ధాలు, ఒక దేశం కుళ్ళిపోయిన తీరు మొత్తం ఉన్నాయి. సేనాపతి ఒక్కడూ కనపడడు. ఈ కథ రాయడానికి ముందే జేగర్స్ తల్లిని జర్మనీ నుంచి పోలండ్‌కి తరలించేశారు. ఆమె తిరిగి రాలేదు. కథ చివర అమ్మ మేడమీద నిలబడి ఎదురు చూస్తుంటుంది, కూతురు మెట్లెక్కి చేరుకోలేకపోతుంది. ఇది చారిత్రక కల్పన కాకపోతే ఇంకేది?

కాదనడానికి ఒక మంచి కిటుకు ఉంది. మగవాడు యుద్ధం గురించి రాస్తే అది చరిత్ర, సాహిత్యం. స్త్రీ రాస్తే డైరీ, సాక్ష్యం, 'మానవీయ పత్రం'. 1945 ఏప్రిల్ 20 నుంచి జూన్ 22 దాకా బెర్లిన్‌లో ఒక జర్నలిస్టు రాసుకున్న డైరీ ఈ కిటుకుకి బలి అయింది. ఎర్ర సైన్యం నగరంలోకి వచ్చినప్పుడు జరిగిన అత్యాచారాల్ని, తనమీద జరిగినవాటితో సహా, కన్నీళ్ళు లేకుండా, అక్కడక్కడా వెక్కిరింతగా రాసిందామె. ఒక అధికారి అండ చూసుకుంటే మిగతావాళ్ళ బెడద తప్పుతుందని ఎలా లెక్కలేసుకుందో కూడా దాచలేదు. 1954లో అమెరికాలో ఇంగ్లీషులో వచ్చింది. 1959లో జెనీవాలో జర్మన్‌లో వస్తే, జర్మన్ స్త్రీ పరువు తీసిందని తిట్టిపోశారు. పరువు తీసింది అత్యాచారం చేసినవాడు కాదు, రాసినామె! తను బతికుండగా మళ్ళీ అచ్చు వేయొద్దంది. 2001లో చనిపోయింది. 2003లో పేరు లేకుండానే పుస్తకం మళ్ళీ వచ్చి లక్షలమంది చదువుతుంటే, ఒక పత్రికా రచయిత ఆమె పేరు తవ్వి తీశాడు, అసలిది నిజం డైరీయేనా అని అనుమానం కూడా లేవనెత్తాడు. తర్వాత మూలప్రతి చూసినవాళ్ళు నిజమేనన్నారు. ఆమె వద్దన్న పేరుని నేను ఇక్కడ రాయను. 1817కీ 2003కీ మధ్య 186 ఏళ్ళు గడిచాయని మాత్రం గమనించండి.

క్రిస్టా వోల్ఫ్ దగ్గర ఇంకో కొలబద్ద కనిపిస్తుంది. 1983లో వచ్చిన 'కసాండ్రా'లో ట్రాయ్ యుద్ధాన్ని, బందీగా చావు కోసం ఎదురుచూస్తున్న స్త్రీ నోట చెప్పించింది. దాని వెనకున్న ఉపన్యాసాల్లో ఆయుధ పోటీ గురించి రాసిన వాక్యాల్ని తూర్పు జర్మనీ ప్రచురణలో కోసేశారు. కోసిన చోటల్లా చుక్కలు మిగిలాయి. ఇది పురాణమే కదా, చరిత్ర కాదు కదా అంటారు. హోమర్ చెబితే యూరప్ నాగరికతకి మొదలు, వోల్ఫ్ చెబితే పురాణం. గోడ కూలాక 1990లో పశ్చిమ జర్మనీ పత్రికలు ఆమె నైతికత మీద పడ్డాయి. 1959-62 మధ్య కొద్దికాలం ఆమె రహస్య పోలీసులకి సమాచారం ఇచ్చిందని 1993లో బయటపడింది. అది చిన్న విషయమని నేను అనను. కానీ ఆమె మీద అదే పోలీసులు పోగుచేసిన ఫైళ్ళు 42 సంపుటాలు. తన ఫైలుని తనే ప్రచురించింది కూడా. గుంటర్ గ్రాస్ తను వాఫెన్-ఎస్‌ఎస్‌లో పనిచేసిన సంగతి 2006లో, అంటే 60 ఏళ్ళు దాచాక చెప్పాడు. గొడవ జరిగింది, ఆయన మీదా విమర్శలు వచ్చాయి. 'తగరపు డోలు' మాత్రం ఏ జాబితా నుంచీ కదల్లేదు. కదలాలని నేనూ కోరను. ఆమె పుస్తకాన్ని ఆమె జీవితంతో తూచి, ఆయన పుస్తకాన్ని పుస్తకంగా తూచే తక్కెడ మీదే నా గొడవంతా.

ఇర్మ్‌గార్డ్ కోయిన్ గురించి వివరంగా రాయడానికి చోటు చాలదు. తన పుస్తకాల్ని జప్తు చేసినందుకు నాజీ ప్రభుత్వం మీదే నష్టపరిహారం దావా వేసిన గడుసు మనిషి ఆమె. 1937 నాటి 'అర్ధరాత్రి దాటాక' వెతికి చదవండి.

ఇప్పుడు పరిస్థితి మారిందంటారు. హెర్టా మ్యూలర్‌కి 2009లో నోబెల్ వచ్చింది, యెన్నీ ఎర్పెన్‌బెక్ 'కైరోస్'కి 2024లో ఇంటర్నేషనల్ బుకర్ వచ్చింది, రెండేళ్ళ ముందు మన గీతాంజలి శ్రీకి వచ్చిన బహుమతే. సంతోషం. అయితే బహుమతి కొత్తవాళ్ళని తెస్తుంది గానీ పాత జాబితాని దిద్దదు. అనువాద సాహిత్యం పేపరు మీలో ఎందరో చెబుతున్నారు. వచ్చే ఏడాది 'తగరపు డోలు' పక్కన రెండు వారాలు చోటు చేయండి. మొదటి వారం జేగర్స్ కథ. రెండో వారం ఎర్పెన్‌బెక్ 2008 నవల, ఇంగ్లీషులో 'విజిటేషన్'. బెర్లిన్ దగ్గర ఒక చెరువు గట్టున ఇల్లు, ఒక శతాబ్దం పాటు అందులోకి వచ్చి పోయిన మనుషులు. ఆ ఇంట్లో గోడ అలమరాలో దాక్కున్న ఇంటావిడ, తలుపు తీసిన రష్యన్ సైనికుడు ఉన్న అధ్యాయాన్ని, ఆ పేరులేని డైరీలో ఏప్రిల్ చివరి పేజీల్ని ఒకే రోజు క్లాసులో చదివించండి.